రాజుగారు మళ్ళీ చనిపోవాలట

పక్కింట్లో ఇప్పుడు వేరేవాళ్ళున్నారు. మంచు పడ్డ రోజున మాత్రం నా చూపు ఇంకా అటే పోతుంది.

అమెరికాలో మా ఊరు క్యారీలో అరంగుళం మంచు పడితే చాలు, స్కూళ్ళు మూసేస్తారు. జనం బ్రెడ్డు కోసం, పాల కోసం కొట్ల మీద పడతారు. అలాంటి ఒక ఉదయం మా వీధిలో చొక్కా చేతులు మడుచుకుని తాపీగా నడుస్తున్న మనిషి ఒక్కడే కనిపించాడు. పక్కింటి పెద్దాయన. ఫిన్లాండ్‌లో నటుడట. భార్య పోయాక కూతురి దగ్గరికి వచ్చాడు.

"దీన్ని కూడా మంచు అంటారా?" అన్నాడు నన్ను చూసి.

"గుంటూరు ఎండల్లో పెరిగాను. నాకిదే హిమాలయం," అన్నాను. అలా కుదిరింది స్నేహం.

నేను టీ పెట్టేదాన్ని, ఆయన కబుర్లు చెప్పేవాడు. సినిమాల్లో ఆయనది ఎప్పుడూ చిన్న వేషమే: పోలీసు, పడవవాడు, లేదంటే పెళ్ళి చేయించే పాస్టరు. ఒకరోజు లాప్‌టాప్‌లో పాత సినిమా ఒకటి పెట్టాడు. నేను టీలో చక్కెర కలిపేలోగా ఆయన తెర మీదికి వచ్చి వెళ్ళిపోయాడు కూడా. అసలు బతుకంతా నాటకాల్లోనే గడిచింది. చలికాలంలో సెట్టు సామానంతా బస్సులో వేసుకుని ఊరూరా తిరిగేవారట. భార్య వెనక సీట్లో కూర్చుని చిరిగిన కోట్లు కుట్టేదట. అది చెప్పేటప్పుడు ఆయన గొంతు మెత్తబడేది. నాకు మా ఊరి నాటక పరిషత్తు పోటీలు, నాన్న పక్కన బల్ల మీద కూర్చుని చూసిన రోజులు గుర్తొచ్చి దిగులేసేది.

ఆయనకు ఒకే కోరిక మిగిలిపోయింది. ఒక నాటకంలో రాజు చనిపోయే ఘట్టంలో ఆయన ఏళ్ళ తరబడి దీపం పట్టుకు నిలబడిన సేవకుడు. రాజు మాటలన్నీ నోటికొచ్చు. రాజు వేషం మాత్రం ఎన్నడూ రాలేదు.

"నిజంగా పోయేలోగా ఒక్కసారి స్టేజీ మీద పోవాలి," అన్నాడు నవ్వుతూ. నాకు నవ్వు రాలేదు.

అప్పట్లో నేను మా తెలుగువాళ్ళ ఉగాది కమిటీలో ఉన్నాను. ఆ ఘట్టం మా స్టేజీ మీద వేయనిస్తారా అని అడిగి చూశాను.

"ఆయన భాష మనోళ్ళకు ఎట్ల సమజైతది మేడమ్? అవతల డాన్స్ పిల్లలు కాస్ట్యూమ్స్ వేస్కొని వెయిట్ చేస్తుంటరు," అన్నాడు ప్రెసిడెంటు.

"మీ స్పీచ్ మాత్రం ఎవరికి అర్థమవుతోందండీ? అందులోంచి ఓ పది నిమిషాలు కట్ చేయండి," అన్నాను. నా నోటికి జడిసి ఒప్పుకున్నాడు.

ఉగాది రోజు, హైస్కూలు ఆడిటోరియంలో సగంమంది పులిహోర క్యూలో ఉన్నారు. ఆయన మా ఇంటి శాలువా కప్పుకుని స్టేజీ ఎక్కాడు. కథ రెండు ముక్కల్లో చెప్పి నేను పక్కకు తప్పుకున్నాను. ఆయన రాజై, తన భాషలో కొడుకును పిలిచాడు. లేని కిరీటాన్ని తీసి పక్కన పెట్టాడు. అర్థం కాకపోయినా, అది కొడుకును పిలుస్తున్న తండ్రి గొంతని అందరికీ తెలిసింది. క్యూలో మాటలు ఆగిపోయాయి. రాజు నేలకొరిగాడు.

వెనక వరుసలోంచి ఒక రిటైర్డ్ డాక్టరుగారు, తెనాలి మనిషి, లేచి అరిచారు. "వన్స్ మోర్!"

ఇంకో నలుగురు అందుకున్నారు. ఎవరో ఈల వేశారు. మన పద్యనాటకాల్లో చచ్చినవాడు లేచి, పద్యం మళ్ళీ పాడి, మళ్ళీ చావడం మనకు మామూలే. పాపం, ఆయనకేం తెలుసు? పడుకున్నచోటే ఒక కన్ను తెరిచి నావైపు చూశాడు. పరుగున వెళ్ళి వంగాను.

"ఏమైనా తప్పు చేశానా?" అన్నాడు భయంగా.

"లేదు. మీరు మళ్ళీ చనిపోవాలట. బాగా నచ్చితేనే మావాళ్ళు అలా అడుగుతారు."

చేతులానించి మెల్లగా లేచాడు, శాలువా సర్దుకున్నాడు, కొడుకును మళ్ళీ పిలిచాడు. ఈసారి ఇంకా నింపాదిగా పోయాడు. ప్రెసిడెంటు గడియారం చూసుకోవడం మరిచిపోయాడు.

ఇంటికి డ్రైవ్ చేస్తుంటే ఆయన సీటుకు తల ఆనించి కళ్ళు మూసుకున్నాడు. అలసిపోయాడనుకున్నాను. మా వీధి మలుపు దగ్గర నోరు విప్పాడు.

"మా దగ్గర నాటకం బాగుంటే జనం మౌనంగా కూర్చుంటారు. బాగోకపోయినా మౌనంగానే కూర్చుంటారు. చివర్లో అందరికీ కలిపి చప్పట్లు కొట్టి వెళ్ళిపోతారు. నాకొచ్చిన మౌనం ఆ రెంటిలో ఏదో తెలియకుండానే బతుకంతా వేషాలు వేశాను," అన్నాడు.

కారు పక్కకు ఆపేశాను. నాకు ఏడుపు ఆగలేదు. ఆయన మాత్రం కిటికీలోంచి చూస్తూ హాయిగా నవ్వుకుంటున్నాడు.