నూట పది రూపాయల బండలు

పోయిన ఆగస్టులో మా పక్కింటి జ్యోతిరాణి బ్యాంకుకు ఫోను చేసి, తన కార్డు మీద ఎవరో నెల రోజులుగా దొంగతనంగా బండలు కొంటున్నారని ఫిర్యాదు రాయించింది. బ్యాంకువాళ్ళు ఫిర్యాదు నంబరు ఇచ్చారు. పాత కార్డు ఆపేసి, వారంలో కొత్తది పంపుతామన్నారు. అంతా పద్ధతి ప్రకారమే జరిగింది. ఆ దొంగ ఫిర్యాదు చేసిన మనిషే అన్న సంగతి తప్పిస్తే అందులో వంక పెట్టడానికేమీ లేదు.

జ్యోతిరాణికి యాభై మూడేళ్ళు. వికారాబాదులో ఒక ప్రైవేటు ఆసుపత్రి ల్యాబులో రక్తపరీక్షలు చేస్తుంది. రోజుకు వంద సీసాల మీద పేర్లు చదివి ఒక్కటి కూడా తారుమారు చేయని మనిషి. సొంతూరు మోమిన్‌పేట్ దగ్గర. కూలికి పోయి చదివించిన తల్లిదండ్రులు ఇప్పుడు లేరు. పెళ్ళి చేసుకోలేదు. ఎందుకు చేసుకోలేదంటే అడిగినవాళ్ళకల్లా ఒక్కో కారణం చెప్పింది. నాకొక్కదానికే మూడు చెప్పింది.

మా గోడకు ఆనుకున్న రెండు గదుల్లో ఆరేళ్ళుగా ఒక్కతే ఉంటోంది. సాయంత్రం ఏడింటికి తాళం తీసిన చప్పుడు వినిపిస్తుంది, వెంటనే టీవీ చప్పుడు. అలాగని టీవీ చూస్తుందా అంటే, చూడదు. దానికి వీపు పెట్టి కూరగాయలు తరుగుతుంది. "ఎవరో మాట్లాడుతున్నట్టుంటది వదినా" అంది ఒకసారి. నేను మాట మార్చాను.

శనివారం మాత్రం వేరు. మధ్యాహ్నం డ్యూటీ దిగి, ఇస్త్రీ చీర కట్టుకుని, ముఖానికి ఇంత పౌడరు అద్దుకుని తాండూరు రైలెక్కేది. అక్కడ చెల్లెలి ఇల్లుందని చెప్పేది. వారంలో ఆమె కోసం ఒకరు ఎదురుచూసే రోజు అదొక్కటే. అది కూడా పోతే ఆమెకు మిగిలేది టీవీయేనని గోడకు ఇవతల ఉన్న నాకూ తెలుసు.

ఆ నెల కార్డు స్టేట్‌మెంటు నెట్ సెంటర్లో ప్రింటు తీయించుకుని, ఆమె తిన్నగా మా వంటింట్లోకి వచ్చింది. అందులో 'కస్తూరమ్మ స్టోన్ పాలిషింగ్ వర్క్స్, తాండూర్' అని నాలుగు చోట్ల ఉంది. మూడుసార్లు నూట పది, ఒకసారి నూట ముప్పై.

"ఇల్లు కడుతున్నవా ఏంది? మాట మాత్రం చెప్పలే!" అన్నాను.

"పరాచికాలొద్దు వదినా. నాకు బండలెందుకు?"

"నూట పదికి బండేం వస్తది, మూల ముక్క గూడ రాదు."

"చిన్న చిన్నగ గుంజితే దొరకనని వాని తెలివి" అంది జ్యోతిరాణి, దొంగను కళ్ళారా చూసినట్టు.

నా ఎదుటే బ్యాంకుకు ఫోను కలిపి స్పీకరు పెట్టింది. అవతలి అమ్మాయి మర్యాదస్తురాలు. "మేడమ్, బోర్డు మీద ఒక పేరు, కాగితాల్లో ఒక పేరు ఉండొచ్చు. తేదీలు చూసి, ఆ రోజుల్లో ఎక్కడికి వెళ్ళారో గుర్తు చేసుకోండి" అంది. అది బంగారం లాంటి సలహా. దాన్ని అక్కడితో ఆపితే బాగుండేది. "పోనీ, ఇంట్లోవాళ్ళు ఎవరైనా వాడారేమో ఒకసారి అడుగుతారా?" అని కూడా అంది.

జ్యోతిరాణి నా వైపు చూసింది. "అడుగుత, లైన్ల ఉండుండ్రి" అని ఫోను గట్టు మీద పెట్టింది. ఇద్దరు ముగ్గురిని అడగడానికి ఎంతసేపు పడుతుందో అంతసేపూ చీర కొంగు సర్దుకుంటూ నిలబడింది. తర్వాత ఫోను తీసి, "ఎవ్వరు వాడలేదంటున్నరు" అని చెప్పింది.

నేను స్టవ్వు వైపు తిరిగి, ఇంకా వేడి కూడా కాని పాలు పొంగుతాయేమోనని చాలా శ్రద్ధగా చూస్తున్నాను.

ఆ ప్రశ్న తర్వాత ఆమెకు తేదీలు చూసే ఓపిక లేకపోయింది. "దొంగనే అమ్మా, రాసుకో" అని తేల్చేసింది.

ఐదు రోజుల తర్వాత, నాకు కాస్త తీరిక దొరికి బుద్ధి పెరిగింది. ఆమె మా గట్టు మీద మర్చిపోయిన ఆ కాగితాన్ని క్యాలెండరు పక్కన పెట్టి చూశాను. నాలుగూ శనివారాలే! పోలీసు ఇన్స్పెక్టరు నడకతో పక్కింటికి వెళ్ళాను.

"జ్యోతీ, దొంగ దొరికింది. చెప్తే బాధపడొద్దు. శనివారం శనివారం నువ్వెక్కడుంటవ్?"

"తాండూర్ల."

"ఎవరింట్ల? మీ చెల్లె ఇంట్లనే గదా. నువ్వు అన్నం తినేటప్పుడు పర్సు ఎక్కడ పెడ్తవ్?"

ఆమె ముఖం పాలిపోయింది. "మా చెల్లె తియ్యదు వదినా."

"అందరు గట్లనే అంటరు."

"మా చెల్లె లేదు వదినా" అంది మెల్లగా. "తొమ్మిదేండ్లాయె పొయ్యి."

చచ్చిపోయిన మనిషి మీద దొంగతనం మోపిన ఘనత ఈ వీధిలో నాకొక్కదానికే దక్కింది. టీవీ ఆపబోయాను. ఆమె వద్దంది. అది మాట్లాడుతూ ఉండగానే మిగతాది చెప్పింది.

చెల్లెలు ఉన్నప్పటి అలవాటు. పోయాక కూడా కాళ్ళు స్టేషనుకే నడిచేవి. ఒకసారి ఆకలేసి, స్టేషను బయట నాగరాణి అనే ఆవిడ నడిపే రొట్టెల మెస్సులో మూల బెంచీ మీద కూర్చుంది. అప్పటినుంచి ప్రతి శనివారం అక్కడే. ఆమె వచ్చే వేళకు నాగరాణి రెండు జొన్న రొట్టెలకు పిండి కలిపి ఉంచుతుంది, పుంటికూర, అదే గోంగూర, పక్కకు తీసి పెడుతుంది. రైలు ఆలస్యమైతే, "ఎంత సేపాయె జ్యోతక్కా!" అని కోప్పడుతుంది.

"ఇంట్ల చేసుకోవచ్చు గదా అంటవేమో. ఒక్క మనిషికి రొట్టె తట్టబుద్ధి కాదు వదినా. గంత చప్పుడు ఎవరికోసం?"

నేను పట్టిన దారం వదలకుండా, "మరి బండలు?" అన్నాను.

"అన్నేండ్లు నోటు ఇచ్చుడే. పోయిన నెలనే నాగరాణి కార్డు మిషన్ పెట్టింది..." అని ఆగిపోయింది. నెత్తి మీద చేయి పెట్టుకుంది. "మెస్సు ఎనక బండల షెడ్డున్నది వదినా! బందై రెండేండ్లాయె. నాగరాణి అత్తదే. అందరు పెద్దమ్మ అంటరు గని, ఆమె పేరు కస్తూరమ్మనే."

తాండూరులో ఇది వింతేమీ కాదు. ముందు హోటలు, వెనక బండల యంత్రం, లైసెన్సూ బ్యాంకు ఖాతా మాత్రం ఇంట్లో పెద్దావిడ పేరు మీద ఒక్కటే. ఆ ఖాతా మీదే మిషను తెచ్చుకుని ఉంటారు. స్టేట్‌మెంటులో నాగరాణి పేరుంటే జ్యోతిరాణి పట్టేదేమో. అసలు అక్కడ తను ఏదో కొంటున్నానని ఆమె ఏనాడూ అనుకోలేదు.

"కేసు వాళ్ళ మీదనే పెట్టిన" అంది. "ఇగ నన్ను గా బెంచి మీద కూసోనిస్తదా?"

అప్పటికప్పుడు బ్యాంకుకు ఫోను చేసి ఫిర్యాదు వెనక్కి తీసుకుంది. "పర్లేదు మేడమ్, ఇలా చాలామందికి జరుగుతుంది. ఇంతకీ ఎవరు వాడారు?" అని అడిగారు.

"నేనే" అంది జ్యోతిరాణి.

ఆ శనివారం ఆమె తాండూరు వెళ్ళలేదు. గోడ అవతల మధ్యాహ్నం నుంచే టీవీ మోగింది. మరుసటి శనివారం నేనే చీర కట్టుకుని వెళ్ళి ఆమె తలుపు కొట్టాను. రైల్లో గంటసేపూ ఆమె కిటికీలోంచి బండల లారీలను లెక్కపెడుతున్నట్టు చూస్తూ కూర్చుంది.

మెస్సులో మూల బెంచీ ఖాళీగానే ఉంది. పొయ్యి దగ్గర రొట్టె తడుతున్న నాగరాణి మమ్మల్ని చూసి చేయి ఆపలేదు, గొంతు మాత్రం పెంచింది.

"వచ్చినవా? బిల్లులు చూపియ్యుమని బ్యాంకోళ్ళు ఒకటే ఫోన్లు! మిషన్ నాలుగు దినాలు బందువెట్టిన్రు. శనివారం శనివారం నూట పది గీకేది నువ్వు తప్ప ఇంకెవరక్కా? నాకు తెల్వదనుకున్నవా? గది చాలదన్నట్టు పోయిన వారం పిండి కలిపి పెడితే రాకపోతివి. కేసు పెట్టే ముంగట ఇంట్ల మనుషులను ఒక్క మాట అడగొద్దా?"

జ్యోతిరాణి పర్సు బల్ల మీద పెట్టి, మూల బెంచీ మీద తన చోట్లో కూర్చుంది.

"అడుగుదామనే వచ్చిన, ముందుగాల రొట్టె పెట్టు."