బాలరాజుకు అంటగట్టిన ప్రేయసి

ఆమె రాయని అబద్ధాన్ని ఆమె పేరుతోనే అచ్చువేశారు. రిటైరైన ఆ చరిత్ర టీచరమ్మ, యూరపులో పదిహేనేళ్ళకే జబ్బుచేసి కన్నుమూసిన ఒక బాలరాజు జీవితచరిత్రను పదకొండేళ్ళపాటు రాసింది. ప్రతి వాక్యానికీ ఒక అట్టముక్క, దాని అడుగున ఆధారగ్రంథం, పేజీ సంఖ్య. ఆధారం దొరకని వాక్యం ఎంత ముచ్చటగా ఉన్నా, కళ్ళద్దాలు నుదుటిమీదికి తోసుకుని నిర్దాక్షిణ్యంగా కొట్టివేసేది. ప్రచురణకర్త తన దగ్గర చదువుకున్నవాడే గనుక ఆమె ప్రూఫులు చూపించమని పట్టుబట్టలేదు. తీరా అచ్చయిన పుస్తకం తెరిస్తే, చివరి ఏడాది అధ్యాయంలో రాజుగారి పక్కన గుర్రంమీద ఒక ప్రేయసి! ఆమె పుస్తకం పట్టుకుని నేరుగా ప్రచురణకర్త ఆఫీసుకు వెళ్ళింది.

“ఎవర్రా ఈ పిల్ల?”

“కాస్త సరసం లేకపోతే ఎవరు కొంటారు టీచర్?”

“వాడు ఆ ఏడంతా మంచమే దిగలేదురా! గుర్రమెలా ఎక్కాడు?”

“మీరింకా మార్కులు కోస్తూనే ఉన్నారు,” అని నవ్వాడతడు.

ఆమె నవ్వలేదు. సంచిలోంచి ఆ ఏటి అట్టముక్కలు తీసి, అతని బల్లమీద ఒక్కొక్కటే పేర్చింది. వైద్యుడి నివేదిక. కలం పట్టలేక ఆ పిల్లవాడు అక్కకు రాయించిన ఉత్తరం. అతడు ఫోను చూసుకుంటూ కూర్చున్నాడు.

అయ్యా ప్రచురణకర్తగారూ, అంగళ్ళకు పంపిన ప్రతులన్నీ వెనక్కి తెప్పించండి. టీచరమ్మ రాసింది రాసినట్టు మళ్ళీ అచ్చువేయండి. ఆ పిల్లవాణ్ణి అతని రోగంతో, అతని మంచంమీదే చనిపోనివ్వండి.