ఎడమకు మడిచిన అంచు

గుడివాడ స్టేషన్లో ఉదయం ఆరున్నర బండి ఎక్కేటప్పుడు నా దగ్గర ఒక గుడ్డసంచి, పులిహోర పొట్లం, అమ్మ అప్పగించిన ఒక ప్రశ్న ఉన్నాయి. నాగాయలంక దాకా వెళ్లే పని మరెవరికైనా పడితే ఈ దారి వివరాలు అక్కరకొస్తాయని రాస్తున్నాను. నాకు పడిన పని మాత్రం ఎవరికీ పడకూడదు.

నాకు ఐదేళ్లప్పుడు నాన్న రంగం వెళ్లాడు. రంగూన్‌ని మావైపు రంగమనే అంటారు. అక్కడ బియ్యం మిల్లులో పని. యుద్ధం వచ్చేదాకా ఉత్తరాలూ మనియార్డర్లూ వచ్చాయి. మొవ్వ దగ్గర మా ఊళ్లో మా తాటాకు ఇంటి మీదికి పెంకులెక్కాయి. తర్వాత ఏమీ రాలేదు. ఇరవై ఏళ్లు దాటినా అమ్మ ప్రతి ఆదివారం చర్చిలో, పరదేశంలో ఉన్నవాళ్ల కోసం చేసే ప్రార్థనకు నాన్న పేరు ఇస్తూనే ఉంది. మా ఊళ్లో ఆ పేర్ల జాబితా చాంతాడంత ఉండేది. నాకు టీచరుద్యోగం వచ్చి అమ్మను తెచ్చుకున్నాక, గుడివాడ చర్చిలో ఆ జాబితాకు నాన్న ఒక్కడే.

పోయినేటినుంచీ బర్మాలోని మనవాళ్లను ఓడల్లో తిరిగి పంపేస్తున్నారు. అలా వచ్చిన సత్తెయ్య అనే ఆయన నాగాయలంకలో తమ్ముడింట్లో దిగాడనీ, దానియేలు భార్య ఎక్కడుందని అందరినీ అడుగుతున్నాడనీ మాకు కబురొచ్చింది. దానియేలంటే మా నాన్నే.

"ఏం చెప్పినా నా దగ్గర దాచకు" అంది అమ్మ. "పేరు ఏ ప్రార్థనలో ఇవ్వాలో నాకు తెలియాలి కదా."

ప్రభువునందు నిద్రించినవారిని, అంటే పోయినవాళ్లను, తలుచుకునే ప్రార్థన వేరే ఉంది. అమ్మ ఆ మాట అంటుంటే నాకు కోపం వచ్చింది. జాలిపడితే ఏడుస్తానని కోపాన్నే పట్టుకుని కూర్చున్నాను.

ఎనిమిదింటికి బందరు. స్టేషన్ ఎదురుగా హోటల్లో ఇడ్లీ బాగుంటుంది, కాఫీ గురించి నన్నడక్కండి. తొమ్మిదింపావుకు కదలాల్సిన అవనిగడ్డ బస్సు పదింటికి కదిలింది. నా పక్క సీట్లో బందరు సాయిబుగారు ఒకాయన, అద్దకం గుడ్డల మూట ఒళ్లో పెట్టుకుని కూర్చున్నారు. నా పనేమిటో విని తల ఊపారు.

"మా బాబాయికి అక్కడ నలభై ఏళ్లు కొట్టు ఉండేదమ్మా. పోయినేడు కట్టుబట్టలతో ఓడ దిగాడు. ఇప్పుడు మా కొట్లోనే కూర్చుంటాడు. బేరానికి ఎవరొచ్చినా ముందు బర్మా మాటలో ధర చెప్పి, మళ్లీ సర్దుకుంటాడు."

చల్లపల్లిలో బస్సు పావుగంట ఆగింది. దిగబోతూ ఆయన కిటికీలోంచి వీధి వైపు చూపించారు. "ఈ పెంకుటిళ్లు చాలామట్టుకు రంగం ఇళ్లేనమ్మా."

పులిగడ్డ దగ్గర అక్విడక్టు దాటేటప్పుడు కింద కృష్ణ, పైన కాలువ. అది దాటితే దివిసీమే. అవనిగడ్డలో భోజనం రూపాయి, చేపల పులుసు విడిగా. పులుసు బాగుందని పక్కవాళ్లు అన్నారు. నేను మజ్జిగతో సరిపెట్టుకున్నాను. ఒంటిగంటన్నర బస్సుకు నాగాయలంక చేరేసరికి రెండున్నర.

సత్తెయ్యగారి తమ్ముడి ఇంటి పంచలో తుంగ చాప పరిచి ఉంది. కూర్చోబోయి ఆగిపోయాను. మా అమ్మ చాపలల్లుతుంది. ఆమెది ఎడమచేతి వాటం. చాప అంచులో తుంగపోచల కొసలు అందరూ కుడికి మడిస్తే, ఆమె ఎడమకు మడుస్తుంది. ఎన్ని చాపల్లో ఉన్నా ఆమె చాప నాకు తెలిసిపోతుంది. ఈ చాప అంచు కూడా ఎడమకే మడిచి ఉంది.

"ఇది ఎవరు అల్లారండీ?" అన్నాను.

"నేనేనమ్మా" అన్నాడు లోపలినుంచి వచ్చిన ముసలాయన. "మొన్న సంతకు తీసుకెళితే, ఇదేం అంచని నవ్వారు. ఇటు కాదని నాకేం తెలుసు? నాకు నేర్పినాయన ఇలాగే మడిచేవాడు. వాళ్లావిడ దగ్గర చూసి నేర్చుకున్నానని చెప్పేవాడు."

ఆయనే సత్తెయ్య. నేనెవరినో చెప్పాను. ఆయన గోడ పట్టుకుని నెమ్మదిగా కూర్చున్నాడు.

"మీ నాన్నా నేనూ ఆరేళ్లు ఒక్క చాప మీదే పడుకున్నామమ్మా. కలిసి కాదు. ఆయనది పగటి పని, నాది రాత్రి పని. మిల్లువాళ్లిచ్చిన ఆ కొట్టంలో మనిషికో చాప పరిచే చోటెక్కడిది? ఆయన లేస్తే నేను పడుకునేవాణ్ణి. ఆ చాప ఎప్పుడూ చల్లారేది కాదు."

బాంబులు పడ్డాక ఇద్దరూ జనంతో పాటు ఇటువైపు నడక మొదలుపెట్టారట. చాప చుట్టి వంతులవారీగా మోశారట. కొన్నాళ్లకు దారిలో నాన్నకు జ్వరం వచ్చింది.

"ఆ రాత్రి ఇద్దరం చాప మీద పడుకున్నాం. ఇద్దరం ఒక్కసారి పడుకోవడం అదే మొదలు. తెల్లారి నేనొక్కణ్ణే లేచాను." ఆయన తువ్వాలుతో ముఖం తుడుచుకున్నాడు. "చాప ఆయనకే కప్పి, వెనక్కి రంగమే వెళ్లిపోయాను. ఆయన్ని అక్కడ వదిలి వచ్చి మీ అమ్మకు ఏ నోటితో చెప్పను? ఆ మాట మోసుకురాలేక అక్కడే ఉండిపోయాను. ఇప్పుడు వాళ్లే పంపేశారు."

ఇరవై ఏళ్ల ఆదివారాలు గుర్తొచ్చి ఆయన్ని నాలుగు దులిపేద్దామనుకున్నాను. నాన్న చనిపోయాడని ఏడుపు రావాలి, రాలేదు. నాన్న చెయ్యి ఎలా కదిలేదో చూసిన మనిషి ఎదురుగా ఉన్నాడు. ఆ చేతుల్నే చూస్తూ కూర్చున్నాను.

"మీ అమ్మ నన్ను తిడుతుందంటావా?" అన్నాడు.

"తెలీదండీ" అన్నాను. నిజంగానే తెలీదు.

ఆ రాత్రి వాళ్లింట్లోనే ఉన్నాను. ఆ చాపే నాకు పరిచారు. పొద్దున్న బయల్దేరుతుంటే ఆయన దాన్ని చుట్టి, తాడు కట్టి నా చేతికిచ్చాడు.

వచ్చేటప్పుడు మళ్లీ అవే ఊళ్లు, అవే పెంకుటిళ్లు. ఆ పెంకులకు డబ్బు పంపినవాళ్లలో ఎంతమంది వాటి కింద పడుకున్నారో అనిపించింది. బందరులో బండెక్కాక ఒకావిడ చాప ఎంతకిచ్చారని అడిగింది. అమ్మేది కాదని చెప్పాను.

సాయంత్రం ఆరు దాటాక గుడివాడ. నేను రమ్మనకపోయినా అమ్మ ప్లాట్‌ఫారం మీద నిలబడి ఉంది. నన్ను చూసింది. తర్వాత నా వెనక రైలుపెట్టె గుమ్మం వైపు చూసింది. బండి కదిలి వెళ్లిపోయేదాకా అటే చూసింది.

అప్పుడు నా చేతిలో చాప అందుకుని, అంచు మీద బొటనవేలు పోనిచ్చింది.

"ఇది మీ నాన్న చేతిది కాదు" అంది.

"కాదమ్మా. నాన్న నేర్పిన చేతిది."

ఉన్నాడా లేడా అని అడగలేదు. "కటిక నేల మీద పోలేదు కదా?" అంది.

"లేదమ్మా. చాప మీదే."

చాప భుజాన పెట్టుకుంది. నేను మోస్తానన్నా ఇవ్వలేదు. గేటు దాటాక ఆగి, "ఆదివారం పేరు నువ్వివ్వు" అంది. "నేనైతే అలవాటు కొద్దీ పాతదాంట్లోనే ఇచ్చేస్తాను."