గంగామణి చిన్నమ్మ గొంతు

ఇవాళ మన ఆర్మూర్ మార్కెట్ యార్డులో పసుపు కుప్పల మధ్య నడుస్తుంటే, ఆ ఘాటుకు అమ్మ చెల్లెలు గంగామణి చిన్నమ్మ గుర్తొచ్చింది. పసుపు ఆరబోసిన మా వాకిట్లోనే కూర్చుని, కొబ్బరినూనెలో రంగుపొడి కలిపి ముఖానికి రాసుకుంటూ, నాటకంలో రాణి పద్యాలు పాడుకునేది. మన గల్లీ పిల్లలమంతా గోడెక్కి వినేవాళ్లం, నీకు గుర్తుందా? మైకు లేకుండానే ఆ గొంతు మూడు గల్లీలు దాటేది.

ఆ గొంతు విని ఎవరో సినిమాల కోసం హైదరాబాద్ తీసుకుపోయారు. ఎన్నో ఏళ్లకు దొరికిన పెద్ద వేషం ఒక్కటే, హీరో తల్లి. ఆ సినిమా ఇక్కడ ఆడిన మొదటిరోజు, ఊరికొచ్చిన చిన్నమ్మను వెంటబెట్టుకుని గల్లీ అంతా మ్యాట్నీకి పోయాం. తెరమీద చిన్నమ్మ నోరు తెరిచింది. వినిపించింది మాత్రం ఇంకెవరి గొంతో.

"గిదేంది చిన్నమ్మా?" అన్నాను.

"నా యాస పనికిరాదన్నరు బిడ్డా. వేరేటామెతోని డబ్బింగ్ చెప్పిచ్చిండ్రు," అంది, తెర మీంచి చూపు తిప్పకుండా.

తర్వాత ఆమె మళ్లీ స్టేజీ ఎక్కలేదు. అమ్మ బతిమాలితే, "ఇంకెవలు ఇంటరక్కా?" అనేది.

నిరుడు దవాఖానలో పోయింది. ఆమె పద్యం ఏ క్యాసెట్‌లోనైనా ఉందేమోనని బాల్కొండ, భీమ్‌గల్ దాకా తిరిగి అడిగాను. ఎవరి దగ్గరా లేదు. మిగిలింది ఆ సినిమా ఒక్కటే. నా కూతురు దాన్ని ఫోన్‌లో చూస్తూ, "అమ్మమ్మ గొంతు మస్తున్నదమ్మా!" అంటుంది.

కాదని చెబుదామనుకుంటాను. కానీ చిన్నమ్మను తలుచుకుంటే ఇప్పుడు నా చెవుల్లోనూ ఆ సినిమా గొంతే వినిపిస్తోంది.