నాగరత్నమ్మగారి ఐదు నిమిషాల కప్పు

2022 వేసవి. జగ్గయ్యపేటలో నేను డెంటల్ క్లినిక్ పెట్టి పదకొండో ఏడు నడుస్తోంది. రెండు గదులు, ఒక చెయిర్, క్లినిక్ సంగతులు నాకన్నా ఎక్కువ తెలిసిన ఫాతిమా అనే అసిస్టెంటు. మా దగ్గరికి వచ్చేవాళ్లలో సగం మంది పన్ను పీకించుకోవడానికి వస్తారు, మిగతా సగం పీకొద్దని బతిమాలడానికి వస్తారు. నాలుక కోసం వచ్చేవాళ్లు బహు తక్కువ. అందుకే చిల్లకల్లు నుంచి షేర్ ఆటోలో వచ్చిన నాగరత్నమ్మగారు చెయిర్‌లో కూర్చుని, "పళ్లు బాగానే ఉన్నాయండి, వాటి జోలికి పోవద్దు. నాలుక చూడండి," అన్నప్పుడు నాకు లోపల్లోపల హుషారు పుట్టింది.

ఆవిడకు అరవై దగ్గర పడ్డాయి. గట్టి మనిషి, గొంతు అంతకన్నా గట్టిది. ఆవకాయ పెట్టించడం ఆవిడ పని. మామిడికాయల రోజులొస్తే చిల్లకల్లు నుంచి నందిగామ దాకా ఎన్నో ఇళ్లలో ఆవిడ దగ్గరుండి ముక్కలు కొట్టించాలి, పాళ్లు చెప్పాలి, జాడీలకెత్తాలి. అంతటితో అయిపోదు. మూడో రోజు మళ్లీ వచ్చి, ఊట దిగిన ఆవకాయను తిరగ కలిపి, ఉప్పు చూడాలి. ఏడాదంతా నిలవుండేదీ బూజు పట్టేదీ ఆ మూడో రోజే తేలుతుంది. ఉప్పు చూడటానికి ఆవిడకున్న పనిముట్టు నాలుక ఒక్కటే.

ఆ నాలుకే మండుతోంది. రెండు నెలలుగా పొద్దున మొదలై సాయంత్రానికి పెరుగుతోందట. మజ్జిగన్నం కూడా కారంగా ఉంటోందట.

"ఇంకో నెలలో కాయ దిగుతుందండి. ముక్క నోట్లో వేసుకోలేనిదాన్ని ఉప్పు ఏం చూస్తాను? అందరూ పాడుచేసుకుంటారు. పేరు నాది పోతుంది," అంది. తర్వాత గొంతు తగ్గించి, "పాడు రోగం ఏమన్నానా?" అని అడిగింది.

నోరంతా వెతికాను. నాలుక కాస్త ఎర్రగా ఉంది, పెదాల చివర్లు పగిలాయి. పుండు లేదు, మచ్చ లేదు, గడ్డ లేదు. ఆవిడ భయపడిన రోగం జాడ ఎక్కడా లేదని చెప్పాను. అందరినీ అడిగే ప్రశ్న అడిగాను.

"మందులేమైనా వాడుతున్నారా?"

"షుగరు లేదు, బీపీ లేదు. మందుల మొహం ఎరగను," అంది గర్వంగా.

బీ కాంప్లెక్స్ మాత్రలు, ఒక మౌత్‌వాష్ రాసి పంపించాను. ఇలాంటి నాలుకకు ఏ డాక్టరైనా మొదట రాసేది అదే. వారానికి తిరిగొచ్చి, "ఆ నీలం నీళ్లు పొయ్యిలో కిరసనాయిలు పోసినట్టున్నాయండి," అని సీసా నా బల్ల మీద పెట్టేసింది. రక్తపరీక్షలు చేయించాను. షుగరు, ఐరన్, విటమిన్లు అన్నీ బాగానే ఉన్నాయి.

ఇక్కడ నా గొప్ప కొంచెం చెప్పుకోవాలి, ఎందుకంటే తర్వాత చెప్పుకోవడానికి ఏమీ మిగలదు. ఆ మధ్యే విజయవాడలో ఒక ఉపన్యాసం విని వచ్చాను. మనిషి లాలాజలంలో ఓపియోర్ఫిన్ అనే పెప్టైడ్ ఉందని ఫ్రాన్స్ పరిశోధకులు కొన్నేళ్ల కిందట కనిపెట్టారు. పెప్టైడ్ అంటే ప్రొటీనులో చిన్న తునక అనుకోండి. నొప్పిని తగ్గించే పదార్థాలు కొన్ని మన ఒళ్లు తనంతట తానే తయారుచేసుకుంటుంది. వాటిని వెంటనే విరగ్గొట్టేసే ఎంజైములు కూడా మనలోనే ఉన్నాయి. ఓపియోర్ఫిన్ ఆ ఎంజైములను అడ్డుకుని, నొప్పి తగ్గించేవాటిని ఇంకాసేపు పని చేయనిస్తుంది. ఎలుకల మీద చేసిన కొన్ని పరీక్షల్లో మార్ఫిన్‌కు దీటుగా నిలబడిందట. నోరు మండే జబ్బుకూ దీనికీ ఏమైనా సంబంధం ఉందా అని వెతుకుతున్నారు, ఇంకా తేలలేదు. దాన్ని కొలిచే సాధనం జగ్గయ్యపేటలో లేదు, నా దగ్గర అసలే లేదు. లాలాజలం ఎంత ఊరుతోందో మాత్రం కొలవగలను. దాన్ని సయలోమెట్రీ అంటారు. పేరు పెద్దదే కానీ, ఐదు నిమిషాలు కదలకుండా కూర్చుని, నోట్లో ఊరింది మింగకుండా గీతలున్న కప్పులోకి వదలడమే పరీక్షంతా.

కప్పు చేతికిస్తే నాగరత్నమ్మగారు దాన్నీ నన్నూ మార్చి మార్చి చూసింది.

"దీంట్లో ఉమ్మాలా? మీ ముందరా?"

"బయట వరండాలో కూర్చోండి. ఐదు నిమిషాలు. ఫాతిమా టైము చెప్తుంది," అన్నాను. లోపల ఒకాయన నోరు తెరుచుకుని నాకోసం ఎదురుచూస్తున్నాడు. ఆ తొందరలో అంతకుమించి వివరించలేదు.

ఐదు నిమిషాల తర్వాత కప్పు వచ్చింది. పైన కాగితం కప్పి, రెండు చేతులతో పట్టుకొచ్చింది. మామూలు మనిషికి ఒకటిన్నర, రెండు మిల్లీలీటర్లు వస్తే చాలు. ఈవిడ కప్పులో నాలుగున్నాయి. "మీ నోట్లో ఊట బ్రహ్మాండంగా ఉందండీ," అని మెచ్చుకున్నాను. అంత ఉండటమేమిటని అనుమానం రావాల్సింది. రాలేదు. నోరు ఎండలేదు, పుండు లేదు, రక్తం బాగుంది, కాబట్టి ఇది నరాల మంటే అని తేల్చేశాను. దానికి రాత్రిపూట వేసుకునే చిన్న మోతాదు మాత్ర ఒకటి రాశాను. ఆ మాత్రతో ఉన్న చిక్కల్లా నోరు ఎండబెట్టడం. లాలాజలం ఇంత బాగుంటే ఫరవాలేదులే అనుకున్నాను.

ఐదో రోజు క్లినిక్ తలుపు ఆవిడ తీసిన తీరుకే నాకు సంగతి అర్థమైంది.

"మీ బిళ్ళ వేసుకున్న కాడి నుంచి నోట్లో ఇసుక పోసినట్టుందండి. మంట రెట్టింపైంది. ఈ ఏడు నేను రాను, ఇంకెవర్నైనా చూసుకోండని నందిగామ కబురు చేసేశా," అంది. కోపంగా మొదలుపెట్టింది కానీ, చివరికొచ్చేసరికి గొంతు జారిపోయింది. ముప్పై ఏళ్లుగా ఒక్క వేసవి కూడా మానని పని అది. నాకు నిజంగా సిగ్గేసింది.

ఫాతిమా నెమ్మదిగా అంది. "మేడమ్, ఆ రోజు పిన్నిగారు కప్పు పట్టుకుని ముందు కొళాయి దగ్గరికి వెళ్లారండి. చేతులు కడుక్కోడానికేమో అనుకున్నా."

నాగరత్నమ్మగారి వైపు తిరిగాను. "కొళాయి దగ్గర ఏం చేశారండీ?"

"ఏం చేస్తాను? పుక్కిలించా," అంది, అదీ ఒక ప్రశ్నేనా అన్నట్టు. "డాక్టరుగారి చేతికి ఉత్త ఎంగిలి ఎట్టా ఇస్తానండీ? శుభ్రంగా నోరు పుక్కిలించి ఆ నీళ్లు వదిలా. అప్పటికీ అడుగునే ఉన్నాయని ఇంకోసారి పుక్కిలించా."

నేను కొలిచింది జగ్గయ్యపేట మునిసిపాలిటీ వాళ్ల నీళ్లు.

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఫాతిమా ముందు నవ్వేసింది, తర్వాత నేను. నాగరత్నమ్మగారు మాత్రం నవ్వలేదు. తప్పు ఆవిడది కానే కాదు మరి. ఉప్పు చూసేటప్పుడు కూడా ఆవిడ ఎడమ అరచేతిలో చిటికెడు వేసుకుని, పెదాలకు తగలకుండా నోట్లోకి ఎగరేసుకుంటుంది. బయటికెళ్లి నోరు కడుక్కుని వచ్చాకే మళ్లీ జాడీ ముట్టుకుంటుంది. ఎంగిలి సోకనివ్వకపోవడమే ఆవిడ వృత్తిధర్మం. అలాంటి మనిషి చేతికి కప్పిచ్చి ఉమ్మమని చెప్పి నా పని నేను చూసుకున్నాను.

నేను రాసిన మాత్ర ఆపించి, ఈసారి పక్కన కూర్చుని చెప్పాను. లాలాజలం ఎందుకో, అందులో ఏముందో, ఓపియోర్ఫిన్ సంగతితో సహా అంతా చెప్పాను.

ఆవిడ శ్రద్ధగా విని, "నొప్పి తగ్గించే మందు నోట్లోనే ఉంటే, మరి ఎంగిలని ఈసడించుకుంటామెందుకండీ?" అని అడిగింది.

"లోపలున్నంతసేపు మందు. బయటికొస్తే ఎంగిలి," అన్నాను.

"చిన్నప్పుడు వేలు తెగితే చప్పున నోట్లో పెట్టుకునేవాళ్లం. అందుకేనేమో."

"అయ్యుండొచ్చు. కానీ ఇప్పుడా పని చేయకండి. నోట్లో క్రిములు కూడా ఉంటాయి."

"ఒక్క మంచి మాట చెప్పి ఊరుకోరు కదా మీరు," అంది. అప్పటికి నవ్వింది.

ఫాతిమా కొత్త కప్పు చేతికిచ్చి తెర లాగింది. నేను బయటికి వెళ్లిపోయాను. నాలుగు రోజులాగి, మాత్ర ప్రభావం పోయాక మళ్లీ చేద్దామనిపించింది కానీ, ఆవిడ అంత ధైర్యం కూడగట్టుకుని కూర్చున్నాక ఆపడానికి మనసొప్పలేదు. ఐదు నిమిషాలు గడిచాక చూస్తే కప్పు అడుగు తడిసిందంతే. మొదటి గీత కూడా అందలేదు. నా మాత్ర వల్ల కొంత అనుకున్నా, మంట రెండు నెలల నాటిది. అంతకు ముందు నుంచీ ఇంకేదో ఈ నోటిని ఎండబెడుతోంది.

"నిజంగా మందులేమీ వాడట్లేదా?" అని మళ్లీ అడిగాను. లేదంది, అదే గర్వంతో.

అప్పుడు ఫాతిమా పక్కకొచ్చి కూర్చుంది. "పిన్నిగారూ, పొద్దున లేచిన కాడి నుంచి నోట్లో ఏమేం వేసుకుంటారో వరసగా చెప్పండి."

"ఏముందమ్మా. లేవగానే కాఫీ. స్నానం, పూజ. తుమ్ముల బిళ్ళ. తర్వాత ఇంత టిఫిను."

"తుమ్ముల బిళ్ళా?" అన్నాం ఇద్దరం ఒకేసారి.

కొంగు ముడి విప్పి చూపించింది. పసుపు రంగు చిన్న బిళ్ళలు, మెడికల్ షాపులో అడిగితే ఇచ్చే పాత రకం అలర్జీ మాత్ర. మాఘమాసం దాటి కొత్త మిరపకాయ వచ్చిందగ్గర్నుంచీ తొడిమలు తీయించడం, కారం ఆడించడం, జల్లించడం ఆవిడ పనే. ఆ ఘాటుకు తుమ్ములు ఆగవు. కారంలో తుమ్మితే ఇంకేమన్నా ఉందా? అందుకని పొద్దునొకటి, సాయంత్రం ఒకటి. ఆ రకం మాత్ర ముక్కు కారడాన్ని ఎలా ఆపుతుందో నోట్లో ఊటనూ అలాగే ఆపుతుంది. ఈ ఏడు పని ఎక్కువై అప్పుడప్పుడూ వేసుకునేది రోజూ అయింది. మంట మొదలైందీ అప్పుడే.

"మరి మందులేం వాడట్లేదన్నారు?"

"ఇది మందేంటండీ? తుమ్ముల బిళ్ళ. కారం జల్లించేటప్పుడు కొంగు చుట్టుకుంటాం చూడండి, అట్టాంటిదే."

ఆవిడ దృష్టిలో అది జల్లెడ పక్కన ఉండే సామాను. నేనెన్నిసార్లు మందుల గురించి అడిగినా బయటికొచ్చేది కాదు.

బిళ్ళ ఆపించాను. కరోనా నాటి మాస్కులు క్లినిక్‌లో డబ్బాలకు డబ్బాలు పడి ఉన్నాయి. ఒక డబ్బా ఇచ్చి, జల్లించేటప్పుడు పెట్టుకోమన్నాను. గుక్కెడు గుక్కెడుగా నీళ్లు తాగమన్నాను. ఊట రావడానికి చక్కెర లేని చూయింగ్ గమ్ నమలమన్నాను. "ఈ వయసులో నలుగురిలో బబుల్ గమ్ నమలమంటారా," అని గొణిగింది కానీ, మర్నాటి నుంచే ఆటోలో క్రికెట్ ఆటగాడిలా దవడ ఆడిస్తూ కనబడుతోందని ఫాతిమా వార్త తెచ్చింది.

మూడో వారంలో వచ్చింది. అడక్కుండానే కప్పు తీసుకుని తెర వెనక్కి వెళ్లింది. ఐదు నిమిషాలకు తెచ్చి నా చేతిలో పెట్టి, "పుక్కిలించలేదండి. ఉత్తదే," అంది. ఒకటిన్నర మిల్లీలీటర్లు. పుట్టి బుద్ధెరిగాక ఎవరికీ ఎంగిలి ఇవ్వని మనిషి నన్ను నమ్మి ఇచ్చిన ఆ కప్పు చూస్తే నాకెంత సంతోషమైందో చెప్పలేను. మంట చాలావరకు తగ్గింది. ఓపియోర్ఫిన్ చేసిందో, ఉత్త తడి చేసిందో నాకు తెలియదు, తెలిసినట్టు చెప్పను కూడా. సాయంత్రానికల్లా నందిగామకు రెండో కబురు వెళ్లింది, వస్తున్నానని.

ఆ ఏడు మా ఇంట్లో కూడా ఆవకాయ పెట్టించాను, మొదటిసారి. ఆవిడ ముక్కలు తుడిపిస్తూ, దంచిన ఉప్పు నాలుగు గ్లాసులు కొలవమని నాకు పురమాయించింది. కొలిచి, నేనే కారంలో కలిపేశాను. మూడో రోజు వచ్చి జాడీ తిరగ కలిపింది. ఎడమ అరచేతిలో ఇంత వేసుకుని నోట్లోకి ఎగరేసుకుంది. నేనూ ఫాతిమా ఆవిడ మొహమే చూస్తున్నాం. కళ్లు మూసుకుని నెమ్మదిగా నమిలింది. పెరట్లోకి వెళ్లి పుక్కిలించి, నోరు తుడుచుకుంటూ వచ్చింది.

"ఉప్పు చాల్లేదు. ఎవరు కొలిచారు?"

ఫాతిమా నా వైపు చూపించింది.

"నాలుగు గ్లాసులూ లెక్కపెట్టే పోశానండీ," అన్నాను.

ఆవిడ వంటింట్లోకి వెళ్లి ఉప్పు డబ్బా తెరిచింది. దంచని కల్లుప్పు. పెద్ద పెద్ద రాళ్లు, మధ్యన అంతా ఖాళీ.

"గ్లాసులు సరిగ్గానే కొలిచారండి డాక్టరుగారూ," అంది. "గ్లాసులో ఏముందో చూసుకోవద్దా?"

ఫాతిమా కొంగు నోట్లో కుక్కుకుంది. నేను రోలు దగ్గరికి వెళ్లి ఉప్పు దంచడం మొదలుపెట్టాను. క్లినిక్‌లో ఇప్పుడు మందుల గురించి అడగడం మానేశాను. పొద్దున లేచిన దగ్గర్నుంచీ నోట్లో ఏమేం వేసుకుంటారో చెప్పమంటాను. ఎవరి చేతికైనా కప్పిచ్చేటప్పుడు, ముందు కుర్చీ లాక్కుని పక్కన కూర్చుంటాను.