సామేలు జేబులో దొరికిన కరపత్రం

మా మందిరంలో అందరూ చెప్పేది అబద్ధం. ముందు ఆ ఒక్క మాట అననివ్వండి. మిగతాది చెప్పే ధైర్యం తర్వాత వస్తుందేమో చూద్దాం.

వాళ్ళు చెప్పేది ఇది. నాచారంలోని మా మందిరానికి వచ్చే సామేలు అనే జవాను, సరిహద్దులో ఉండగా, మేం పంపిన కరపత్రం చదివాడు. అతని భయం వదిలిపోయింది. మందుపాతరలున్న పొలంలో తోటి జవాను పడిపోతే, ఎవరూ పొమ్మనకుండానే లోపలికి వెళ్ళి ప్రాణం పెట్టాడు. చొక్కా జేబులో ఆ కరపత్రం దొరికింది. ఇప్పుడది ప్రసంగ వేదిక పక్కన గోడకు, అద్దం వెనక ఉంది. ఒక మూల గోధుమరంగు మరక. ఏటా ఆగస్టు పదిహేనున అయ్యగారు, అంటే మా పాస్టరు, దాన్ని చూపించి ఏడుస్తారు. సభంతా ఏడుస్తుంది. నేను తల దించుకుంటాను. భక్తి అనుకుంటారు.

జేబులో దొరకడం నిజం. లోపలికి వెళ్ళడం నిజం. మధ్యలో చెప్పేదే అబద్ధం. ఆ మధ్యలో ఉన్నది నేను.

పదేళ్ళు దాటింది ఇది మోస్తూ. మోస్తున్నాననడం కూడా గొప్పలు పోవడమే. బరువు మోసేవాళ్ళను చూస్తే ఎవరికైనా జాలేస్తుంది. నాది చెప్పులో దూరిన రాయి. ఆగి దులిపేసుకోవచ్చు. నలుగురిలో ఆగడానికే సిగ్గు.

మీరెవరో నాకు తెలియదు. మీకూ నేను తెలియను. అందుకే మీతో చెబుతున్నాను. పేర్లు మార్చాను. పేర్లు మార్చినంత మాత్రాన మనిషి దాగడని నాకు ఒకసారి తెలిసొచ్చింది, అయినా మార్చాను.

కోస్తా నుంచి పెళ్ళయి ఇక్కడికి వచ్చినదాన్ని. ఉప్పల్లో ఒక జూనియర్ కాలేజీలో చరిత్ర చెప్పేదాన్ని. నోరున్నదాన్ని. కూరగాయల బండి దగ్గరా, స్టాఫ్ రూములోనూ, చివరికి రాష్ట్రం విడిపోవాలా వద్దా అన్నదాని మీద రెండు పక్షాలతోనూ పోట్లాడినదాన్ని. "ఆంధ్ర మేడంతోని పెట్టుకోకుండ్రి, జడ్జి సుత ఓడిపోతడు" అనేవాళ్ళు మా సందులో. నాకది పొగడ్తలాగే వినిపించేది.

అప్పట్లో సైనికులకు పంపే కరపత్రాలు "ఓ సైనికుడా! నీవు ఎచ్చటికి పోవుచున్నావు?" అని మొదలయ్యేవి. "జమ్మూ పోతున్నాడండీ, టిక్కెట్టు మీదే రాసుంది" అన్నాను అయ్యగారితో. ఆయన నవ్వలేదు. "అయితే నువ్వే రాయమ్మా" అన్నారు. రాశాను. పేరు లేకుండా. ఆడమనిషి రాసిందంటే జవాన్లు చదవరని ఆయన నమ్మకం. దానిమీద కూడా వాదించి, ఓడిపోయినట్టు నటించాను. నిజానికి పేరు లేకపోవడమే నాకు హాయిగా ఉండేది. రాసేది నేనని ఆయనకు తప్ప ఇంకొకరికి తెలియదు.

నేను రాసేవి సాక్ష్యాలు. అంటే, మారకముందు నేనెంత చెడ్డవాణ్ణో మొదటి సగంలో చెప్పాలి, మారాక ఎలా ఉన్నానో రెండో సగంలో చెప్పాలి. మొదటి సగం ఎంత నల్లగా ఉంటే రెండోది అంత తెల్లగా కనిపిస్తుంది. నా మొదటి సగాలు తేలిపోయేవి. ప్రతిసారీ ఒక తాగుబోతు, లేకపోతే ఒక పేకాటరాయుడు. పక్కా కల్పన. వాసన కూడా ఉండదు. ఆ సంగతి నాకు తెలుసు, లోపల గుచ్చుకుంటూ ఉండేది.

అది సరిహద్దు పొడవునా సైన్యాన్ని నిలబెట్టిన ఏడు. యుద్ధం రేపో మాపో అన్నారు. రాలేదు. మందుపాతరలు మాత్రం పాతారు. పాతినవాళ్ళే వాటిమీద కాలు వేసిన సంగతులు పేపర్లో లోపలి పేజీల్లో, చిన్నచిన్నగా వచ్చేవి.

సామేలు ఆ ఎండాకాలంలో సెలవు మీద వచ్చాడు. మా సందులోనే ఇల్లు. నన్ను అక్కా అనేవాడు. ఒక మధ్యాహ్నం మా కూలరుకు పాత గడ్డి పీకి కొత్తది పెడుతున్నాడు. సందులో ఆడుకుంటున్న పిల్లవాడెవడో పడి "అమ్మా!" అని గట్టిగా అరిచాడు. సామేలు చేతులు చెవుల మీదికి వెళ్ళిపోయాయి, గడ్డితో సహా. అలాగే గోడకు ఆనుకుని కూలబడ్డాడు. మంచినీళ్ళు ఇచ్చాను. నేను అడగలేదు. అతనే చెప్పాడు.

"మా దోస్తు కాలు వెట్టిండక్కా పొలంల. అమ్మా అని ఒర్లుతున్నడు. నేనే దగ్గరున్న. కాళ్ళు లేస్తలెవ్వు. రెండు చెవులు మూసుకొని సండే స్కూల్ పాట పాడుకుంట కూసున్న. గట్టిగ. ఆని అరుపు ఇనబడకుండ. ఎనుక సాబ్ అడిగితే, గాలికి ఇనబడలే సాబ్ అన్న."

ఆ దోస్తు బతకలేదు.

"ఎస్తేరుకు చెప్పిన. ఇగ నీకు. ఇంకెవ్వలకు తెల్వద్దక్కా." ఎస్తేరు అతని భార్య.

"చచ్చినా చెప్పను" అన్నాను.

చెప్పలేదు, నిజమే. రాశాను.

అతని సెలవు అయిపోయి బండెక్కిన వారంలోపే రాశాను. పేరు మార్చాను. గోధుమ పొలాన్ని మంచుకొండ చేశాను. ఆ చెవులు మూసుకోవడాన్నీ, ఆ పాటనూ, గాలికి వినబడలేదన్న మాటనూ తీయలేకపోయాను. తీయలేకపోయానా? తీయలేదు. అవి తీస్తే మిగిలేది మళ్ళీ తాగుబోతు కథే కదా. ఇంతకాలానికి నా చేతికి నిజమైన మొదటి సగం దొరికింది, దాన్ని వదులుకోబుద్ధి కాలేదు. రెండో సగం నేనే కల్పించాను. అతను మోకరించి ప్రార్థన చేస్తాడు. ఇంకో జవాను పడిపోతాడు. ఈసారి ఇతను లోపలికి వెళ్ళి వాణ్ణి భుజాన వేసుకుని వస్తాడు. సామేలుకు అలాంటిదేమీ జరగలేదు. ఆ భయంతోనే వెనక్కి వెళ్ళాడు.

చదివి అయ్యగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. ఆ కళ్ళజోడు తీయడం కోసమే రాశానేమో అని ఇప్పుడనిపిస్తుంది. సైనికుల కోసం రాసినదాన్ని నిజంగా ఒక సైనికుడు చదువుతాడని నాకు తట్టనేలేదు. నవ్వకండి. మా స్త్రీల సమాజం వాళ్ళు అప్పడాలూ, మామిడికాయ తొక్కు డబ్బాలూ మూటలు కట్టి, మధ్యలో కరపత్రాలు దోపి, సరిహద్దులో ఉన్న మా పిల్లలందరికీ పంపారు. సామేలు మూటకు పురికొస బిగించింది నేనే.

వానలు వెనకబట్టాక మళ్ళీ వచ్చాడు. గేటు దగ్గరే నిలబడ్డాడు. లోపలికి రమ్మంటే రాలేదు. జేబులోంచి మడతలు పడ్డ కరపత్రం తీశాడు.

"గిది ఎవలు రాసిన్రక్కా?"

"అయ్యగారే రాస్తారు. ఏం?"

"మా కంపెనీల తెలుగోళ్ళు ఇద్దరున్నరు. తొక్కు డబ్బా ఇప్పుకుంట గిది సదివిన్రు. గాలికి ఇనబడలే అని సాబ్‌తోని అన్నది నేనే అని ఆళ్ళకెరుక. గిప్పుడు నేను కనబడితె చాలు, చెవులు మూసుకొని పాట పాడుతున్నరు." కరపత్రాన్ని మళ్ళీ మడిచి జేబులో పెట్టుకున్నాడు. "నేను ఇద్దరికే చెప్పినక్కా. దానికి, నీకు."

అక్కడ చెప్పేసి ఉండవలసింది. గేటు గొళ్ళెం నా చేతిలో ఉంది. ఎండకు కాలుతోంది. నేనే రాశాను సామేలూ అనడానికి ఎంతసేపు పడుతుంది?

"అంటే నన్ను అనుమానిస్తున్నావా?" అన్నాను.

"గట్ల కాదక్కా..."

"మరెట్లా? కాలేజీలో పాఠాలు చెప్పుకునేదాన్ని, నాకు ఈ కరపత్రాలతో ఏం పని? సరే, ఒకటడుగుతా చెప్పు. ఎస్తేరు బుధవారం ఆడవాళ్ళ కూడికకు వెళ్తుందా లేదా?"

"పోతది."

"అక్కడ నీకోసం ప్రార్థన చేయమని అడిగింది. నేను విన్నాను. మా ఆయన మనసు బాగలేదు, నిద్రల ఉలిక్కిపడుతున్నడు అంది. ఎందుకని పాస్టరమ్మగారు అడగరా? ఆవిడకు తెలిసింది అయ్యగారికి చేరకుండా ఉంటుందా? నువ్వే ఆలోచించు."

"అది మందికి చెప్పే మనిషి కాదక్కా."

"కావాలని చెప్పి ఉండదులే. ప్రార్థనలో నోరు జారి ఉంటుంది. ఆమెనేమీ అనకు."

చూశారా ఎంత చక్కటి వాదనో. మా కూడికల్లో ఇంటి గుట్లు బయటపడేది సరిగ్గా అలాగే, ప్రార్థన చేయండమ్మా అంటూ. కాబట్టి అతను నమ్మాడు. ఎస్తేరు ప్రార్థన అడగడం నిజం, ఆ మాటలు నిజం, అంతకుమించి ఆమె నోరు విప్పకపోవడం కూడా నిజం. ఆమె కాక ఆ సంగతి తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. వాదనలో గెలిచాను. పైగా, చేయని తప్పుకు ఆమె తరఫున క్షమాపణ కూడా నేనే అడిగాను.

బైబిల్లో పేతురు ప్రభువును ఎరుగనని మూడుసార్లు అన్నాడు. నాకు ఒక్కసారి చాలింది. పేతురు బయటికి వెళ్ళి ఏడ్చాడు. నేను లోపలికి వెళ్ళి కుక్కరు పెట్టాను.

సామేలు సెలవు పూర్తికాకుండానే వెళ్ళిపోయాడు. ఎస్తేరు మా ఇంటికొచ్చి, అరుగు మీద కూర్చుని, "ఆయన నాతోని మాట్లాడకుండ పోయిండక్కా, నేనేం జేసిన?" అని ఏడ్చింది. టీ ఇచ్చాను. మిలటరీవాళ్ళు అంతేలే అన్నాను. ఇంకా ఏమన్నానో గుర్తు లేదు. గుర్తు లేదనడం కూడా అబద్ధమేమో. కొంగుతో ఆమె కళ్ళు తుడిచాను.

వాళ్ళింట్లో ఫోను లేదు. మా నంబరే ఇచ్చుకున్నారు. చలికాలంలో ఒకరోజు సామేలు ఫోన్ చేశాడు. "అక్కా, ఎస్తేరును జర పిలుస్తవా?" అన్నాడు, అంతే. బాగున్నావా అని అడగలేదు. పిలిచాను. చేతికి పిండితోనే పరిగెత్తుకొచ్చింది. మా ఇంట్లో ఎవరు ఫోన్ మాట్లాడినా నా చెవులు అటే ఉండేవి. సందులో ఎవరికి ఎవరితో పడదో నాకు తెలిసింది అలాగే. ఆ రోజు మాత్రం వంటింట్లోకి వెళ్ళి మిక్సీ వేశాను. జారులో ఏమీ లేదు. ఖాళీ జారు గిర్రున తిరుగుతూ కీచుమంటుంటే దాన్ని రెండు చేతులతో అదిమిపట్టుకుని నిలబడ్డాను. ఆపేసరికి రిసీవరు పెట్టేసిన చప్పుడు. "పోయొస్తనక్కా" అంది గుమ్మంలోంచి. నేను వెనక్కి తిరగలేదు.

ఆ తర్వాత కొద్ది రోజులకే కబురు వచ్చింది. సైన్యాన్ని వెనక్కి పిలుస్తున్నారు, పాతిన మందుపాతరలు తవ్వి తీస్తున్నారు. ఒకడు పడిపోయాడు. సామేలు లోపలికి వెళ్ళాడు.

అచ్చం నేను రాసిన ముగింపే. నా కథలో మాత్రం ఇద్దరూ బయటికి వచ్చారు.

నా కథ వల్లే వెళ్ళాడా? చెవులు మూసుకుని పాటలు పాడేవాళ్ళ నోళ్ళు మూయించడానికి వెళ్ళాడా? లేకపోతే ఈసారి కాళ్ళు లేచాయి గనక వెళ్ళాడా? ఆఖరిదే నిజం కావచ్చు. అప్పుడు అతని ధైర్యాన్ని కూడా నేను రాసిందే అనుకోవడం ఇంకో దొంగతనం. ఇప్పుడీ రాయడం మాత్రం ఏమిటి? మళ్ళీ అతని మొదటి సగాన్నే వాడుకుంటున్నాను కదా?

సామానుతోపాటు కరపత్రం వచ్చింది. అయ్యగారు దానికి అద్దం కట్టించారు. నేను మళ్ళీ కరపత్రం రాయలేదు. వినయం అన్నారాయన.

ఇప్పుడు ఉప్పల్ రింగు రోడ్డులో మెట్రో స్తంభాలు లేచాయి. తెలంగాణ వచ్చేసింది. నాతో పోట్లాడేవాళ్ళు కూడా తగ్గిపోయారు. ఎస్తేరు బోడుప్పల్‌కు మారిపోయింది, అయినా ఆదివారం బస్సెక్కి ఇక్కడికే వస్తుంది. వచ్చి నా పక్కనే కూర్చుంటుంది. నాకు చత్వారం వచ్చింది, పాటల పుస్తకం ఆమే పట్టుకుంటుంది. "గీ పేజీ అక్కా" అని వేలు పెట్టి చూపిస్తుంది. ఎదురుగా గోడమీద ఆ అద్దం.

మొన్నీమధ్యే ఒక సంగతి తట్టింది. ఇన్ని వాదనలు చేసినదానికి ఇంత చిన్నది తట్టడానికి ఇన్నేళ్ళు పట్టింది. సామేలు నాతో అన్నమాట ఆ రోజు ఫోనులో ఆమెతోనూ అనే ఉంటాడు: నీకు, అక్కకు, ఇద్దరికే చెప్పిన అని. తాను చెప్పలేదని ఆమెకు తెలుసు. ఇక మిగిలిందెవరు?

అంటే ఆమెకు తెలిసే ఉండాలి. తెలిసీ నాకు పేజీ చూపిస్తోందా? లేక అతను నా పేరెత్తకుండానే పోయాడా, తానే ఎక్కడో నోరు జారానేమోనని ఇన్నేళ్ళూ తనను తానే తవ్వుకుంటోందా? పక్కనే ఉన్న ఆ ముఖం చూసి చెప్పలేకపోతున్నాను. సగం ఊరితో వాదించిన నోరు, ఆమె దగ్గర ఒక్క వాక్యం పలకలేకపోతోంది.

అయ్యగారితో చెబితే దీన్నీ సాక్ష్యం చేసేస్తారు. రెండో సగం ఏదమ్మా అంటారు. నాకు రెండో సగం లేదు. కల్పించడం చేతనవును గానీ ఇక కల్పించను. మొదటి సగం మాత్రమే ఉంది, దాన్ని ఏమీ మార్చకుండా మీ ముందు పెట్టాను. పాపం పోయిందని కాదు. చెప్పు విప్పి ఒక క్షణం ఆగినట్టుంది.

ఒక్కటి మాత్రం తెలుసుకోవాలని ఉంది. అది తెలిసిన మనిషి ఒక్కతే. ఆమెను అడగాలంటే ముందు ఇదంతా ఆమెకు చెప్పుకోవాలి. ఎస్తేరూ, ఆ రోజు, నేను ఖాళీ మిక్సీ తిప్పుతుండగా, నువ్వు ఎవరికీ చెప్పలేదన్న మాట అతను నమ్మాడా?