ఖాజా బోటు గొంతు

అది 2003 ఎండాకాలం. సోమశిల రేవు పక్కన రేకుల షెడ్డులో బోటు ఇంజన్లు బాగుచేసేవాణ్ని. బడికి పోయింది తక్కువ. ఇంజన్లు విప్పీ బిగించీ నేర్చుకున్న విద్య నాది. కృష్ణకు ఆవల నల్లమల. అడవిలో అన్నలకూ సర్కారుకూ తుపాకుల పోరు. నీటి మీద గస్తీకి పోలీసుల దగ్గర చాలినన్ని బోట్లు లేవట. లేకపోతే కొనుక్కోవాలి. కొనలేదు, రేవులో ఉన్నవి పట్టుకుపోయారు.

ఖాజామియా బోటు అలాగే పోయింది. ఆవలి ఒడ్డు గూడెం వాళ్ళను, వాళ్ళ చేపల గంపలను సంతకు చేర్చి బతికేవాడతను.

"రేపు సంత సార్. ఒడ్డున జనం నాకోసం చూస్తుంటరు," అన్నాడు గస్తీ అధికారితో.

"మేం పోతున్నం గద, మమ్మల్ని చూస్తరు తియ్," అన్నాడాయన. పక్కవాళ్ళు నవ్వారు. ఆ నవ్వు తలుచుకుంటే నాకిప్పటికీ ఒళ్ళు మండుతుంది.

వానలు పడ్డాక బోటు తిరిగొచ్చింది. ప్రొపెల్లర్, అంటే నీటిని వెనక్కి తోసే రెక్క, బండలకు తగిలి వంగింది. అది నాకు ఒక పూట పని. అసలు రోగం వేరే.

మా రేవులలో మనుషులు బోటును చూసి రారు, విని వస్తారు. ఖాజా బోటు సైలెన్సర్, ఇంజన్ పొగ పోయే గొట్టం, పాతది. దాని చప్పుడు రెండు దెబ్బలు కొట్టి ఒకటి మింగేది. అది వినబడితే గూడెం వాళ్ళు గంపలెత్తుకుని దిగేవాళ్ళు. ఆ వేసవంతా అదే చప్పుడుతో తుపాకులు దిగాయి. ఇప్పుడది వినగానే గూడెం ఖాళీ.

"అన్నా, దీని గొంతు మార్చు. ఒక్కరు గూడ ఎక్కుతలేరు. పిల్లలకేం బెట్టాలె?" అన్నాడు ఖాజా.

కొత్త సైలెన్సర్ బిగించాను. ఇంజన్ నున్నగా పాడింది. ఇద్దరం ఆవలికి పోయాం. ఒడ్డున పురుగు లేదు. ఎండబెట్టిన చేపలు వదిలేసి గుట్టెక్కారు. ఖాజా పేరు చెప్పి అరవగా అరవగా, లింగమ్మ అనే ముసలామె బండ చాటు నుంచి వచ్చింది.

"నువ్వారా ఖాజిగా! కొత్త సప్పుడాయె, ఇంకో దండు దిగిందనుకున్నం."

"పాత సప్పుడుకు గూడ ఉరికిన్రు గదనే అవ్వా!"

"ఉరకమా? నీ సప్పుడే అని గంపెత్తుకొని ముంగట దిగిండు మా ముసలోడు. బూటుకాలితోని తన్నిరి."

ఖాజా తల దించుకున్నాడు. దించుకోవలసిన తల అతనిదా?

"మరేం జెయ్యాలె అవ్వా?"

"పాత సప్పుడే ఉంచు. ముంగట నీ పెండ్లాన్ని గూసోబెట్టు. బూట్లోళ్ళు పెండ్లాలను తోల్కరారు గద!"

పాత సైలెన్సరే మళ్ళీ బిగించాను. ఖాజా భార్య మస్తాన్‌బీ బోటు ముక్కు మీద కూర్చుంది, సంత సంతకూ, ఎండకూ ముసురుకూ. ఆమెను చూశాకే గుట్ట మీది నుంచి ఒక్కొక్కరూ దిగారు.

మరుసటి వేసవిలో గస్తీవాళ్ళు బోటుకోసం మళ్ళీ వచ్చారు. మస్తాన్‌బీ దిగలేదు.

"దిగమ్మా," అన్నాడు అధికారి.

"నేను దిగితే గిది వట్టి కట్టెనే సార్. కావాల్నంటే నన్ను గూడ తోల్కపోండ్రి."

ఆయన పక్క బోటు తాడు విప్పించాడు. దాని యజమాని పెళ్ళి కానివాడు.

వంగిన రెక్కకు నా దగ్గర సుత్తి ఉంది. చప్పుడు మీద పోయిన నమ్మకానికి మాత్రం నా పెట్టెలో ఏ పానా లేదు. పాడుచేసినవాడు ఎన్నడూ షెడ్డుకు రాడు. బాగుచేయడానికి ఎండలో కూర్చోవలసింది మస్తాన్‌బీ.